కాటా ముందు నిలిచిన రౌతు

మొన్న ఒక శనివారం రాత్రి మా నల్లపాడు యౌవనస్థుల కూటంలో కొరింథీయులకు వ్రాసిన మొదటి పత్రిక 9వ అధ్యాయం ధ్యానించుకుంటున్నాము. పందెంలో పరుగెత్తేవాడు తన ఒంటిని ఎట్లా అదుపులో ఉంచుకుంటాడో పౌలు చెప్పిన చోటికి వచ్చేసరికి ఒక తమ్ముడు లేచి, "అయ్యగారూ, నిజంగా అంత కట్టడిగా బ్రతికేవాళ్లు ఉంటారా?" అని అడిగాడు. మాకు వెంటనే ఐర్లండు గుర్రపు రౌతు టోనీ మెకాయ్ గుర్తుకు వచ్చాడు. గుర్రప్పందేల వాడి సంగతి చర్చిలో ఎందుకని పెద్దలిద్దరు ముఖం చిట్లించారు. వారి బాధ మాకు తెలియనిది కాదు. దాని దగ్గరకూ వస్తాము.

ఒంగోలు గిత్తల బండలాగుడు చూడనివారు మన ప్రాంతంలో అరుదు. రెండు పళ్లు, నాలుగు పళ్లు అని గిత్తల ఈడును బట్టి పోటీ, దానికి తగ్గ బండ. గుర్రప్పందెంలో ఆ బండ స్థానంలో ఉండేవాడు రౌతే. చాలా పందేలలో మంచి గుర్రానికి ఎక్కువ బరువు, సామాన్యమైన దానికి తక్కువ బరువు నిర్ణయిస్తారు. రౌతు జీనుతో సహా పందెానికి ముందు కాటా ఎక్కాలి, గెలిస్తే దిగి వచ్చి మళ్లీ ఎక్కాలి. తక్కువ తూగితే జీను కింద సీసం పలకలు పెడతారు. ఎక్కువ తూగితే మాత్రం ఒంట్లోంచి తీసేదెట్లా?

మెకాయ్ కష్టమంతా అక్కడే ఉంది. ఆయన 1974 మే 4న ఉత్తర ఐర్లండులో ఆంట్రిమ్ జిల్లా మనీగ్లాస్ అనే పల్లెలో పుట్టాడు. తండ్రి వడ్రంగి, గుర్రాలంటే ప్రాణం. కుర్రవాడు 15 ఏళ్లకే బడి వదిలి జిమ్ బోల్జర్ అనే పేరుమోసిన శిక్షకుని దగ్గర పనికి కుదిరాడు. 1992 మార్చిలో థర్లెస్‌లో మొదటి గెలుపు. మరుసటి ఏడు గుర్రం మీదనుంచి పడి కాలు విరిగింది. మంచాన ఉన్న నెలల్లో పొడుగు పెరిగాడు, బరువూ పెరిగాడు. చదునైన పందేలకు ఇక పనికిరాడు. అందువల్ల కంచెలు దూకే పందేలకు మళ్లాడు. వాటిలో రౌతుకు కాస్త ఎక్కువ బరువు చెల్లుతుంది. ఆ కాలు విరగకపోతే ఆయన పేరు మనదాకా వచ్చేదో లేదో!

అప్పటికీ 5 అడుగుల 10 అంగుళాల మనిషి 65 కిలోలు దాటకుండా ఉండాలి. ఏళ్ల తరబడి అర్ధాకలి, ఒళ్లు కాలేంత వేడినీళ్ల తొట్టిలో కూర్చుని చెమట కార్చడం. ఈ మాట చెప్పగానే వెనుక కూర్చున్న ఒక అవ్వ, "వాళ్లమ్మ ఎట్లా చూసిందయ్యా?" అన్నది. కూటమంతా ఒక్క నిమిషం మాట లేదు.

1994లో ఇంగ్లండు చేరాడు. 1995-96 నుండి 2014-15 వరకు వరుసగా 20 సార్లు అక్కడి కంచె పందేల చాంపియన్ ఆయనే. 2001-02లో ఒక్క ఏడాదిలో 289 గెలుపులు. 1947లో గోర్డన్ రిచర్డ్స్ సాధించిన 269 దాటిపోయింది. మధ్యలో భుజం, పక్కటెముకలు, మణికట్టు, చీలమండ విరుగుతూనే ఉన్నాయి. 2008 జనవరిలో వార్విక్‌లో పడి వెన్నుపూసలు చిట్లితే, మార్చికల్లా చెల్టెన్‌హామ్‌లో మళ్లీ జీను మీద ఉన్నాడు. ఓడిపోతానన్న భయమే తనను తరిమిందని ఆయనే పలుమార్లు చెప్పాడు. ఇక్కడ మాత్రం మేము ఆయనతో కలిసి నడవలేము. కట్టడి మెచ్చదగినదే గాని, 200 గెలిచినా మనసుకు విశ్రాంతి లేకపోవడం చూస్తే జాలి కలుగుతుంది.

గుర్రాల బాధ కూడా దాచకూడదు. 2012లో సింక్రొనైజ్డ్ అనే గుర్రం మీద చెల్టెన్‌హామ్ గోల్డ్ కప్ గెలిచాడు. నెల తిరగకముందే గ్రాండ్ నేషనల్‌లో ఆ గుర్రం పడి చనిపోయింది. అదే గ్రాండ్ నేషనల్‌ను, 30 కంచెల పందెాన్ని, ఆయన 14 సార్లు పోగొట్టుకుని 2010లో 15వ ప్రయత్నంలో డోంట్ పుష్ ఇట్ అనే గుర్రం మీద గెలిచాడు.

ఇక పెద్దల బాధ. గుర్రప్పందెం నైపుణ్యంతో కూడిన ఆట అని మన సుప్రీంకోర్టు 1996లో తీర్పు చెప్పింది. నైపుణ్యం రౌతుది, గుర్రానిది, నిజమే. డబ్బు కాసేవాని ఇంటి సంగతి ఆ తీర్పులో లేదు. మాకు తెలిసిన ఒక ఇంట్లో మిర్చి యార్డులో టిక్కీలు అమ్మిన పట్టీ డబ్బు ఇల్లు చేరకముందే సెల్‌ఫోనులో క్రికెట్ పందేలకు పోయింది. పురుగుమందుల బాకీ, ఆడపిల్ల కాలేజీ ఫీజు అట్లాగే నిలిచిపోయాయి. ఆ తల్లి మా ఎదుట కూర్చుని ఏడ్చిన సాయంకాలం మేము మరువలేదు. ఒకడు తిండి మాని గెలుస్తుంటే, వాని మీద పందెం కాసి వేరొకడు పిల్లల తిండి పోగొట్టడం! ఇది యౌవనస్థులకు విడమరిచి చెప్పాము. పెద్దలిద్దరూ అప్పుడు తలలు ఊపారు.

మెకాయ్ 2015 ఫిబ్రవరిలో, ఆ ఏటి 200వ గెలుపు రోజున, ఇక చాలిస్తానన్నాడు. అప్పటికి వయస్సు 40, ఇంకా అందరికంటే ముందే ఉన్నాడు. మొత్తం గెలుపులు 4,358. ఏప్రిల్ 25న సాండౌన్‌లో ఆఖరిసారిగా బాక్స్ ఆఫీస్ అనే గుర్రం ఎక్కి మూడవవాడుగా వచ్చాడు. వేలమంది లేచి నిలబడి చప్పట్లు కొడుతుంటే కన్నీళ్లు ఆపుకోలేక జీను దిగాడు.