సామూహిక దాడి కేసుల్లో ఉమ్మడి ఉద్దేశం – బాధ్యత పరిధి

ఉపోద్ఘాతం:

ఎవరు చేసిన నేరానికి వారే బాధ్యులన్నది నేర న్యాయశాస్త్రంలో మౌలిక సూత్రం. అయితే పలువురు కలిసి ఒకరిపై దాడి చేసినప్పుడు ఏ దెబ్బ ఎవరిదో తేల్చడం తరచుగా కష్టమవుతుంది. ఈ చిక్కును పరిష్కరించడానికి భారత శిక్షాస్మృతి (1860) 34, 149 సెక్షన్లలో సామూహిక బాధ్యతను నిర్దేశించింది. 2024 జూలై 1న అమలులోకి వచ్చిన భారతీయ న్యాయ సంహితలో ఇవి వరుసగా 3(5), 190 సెక్షన్లుగా కొనసాగుతున్నాయి. దాడి స్థలంలో కనిపించిన వారందరినీ ఒకే గాటన కట్టడానికి ఈ సెక్షన్లు అనుమతించవని వివరించడమే ఈ వ్యాస ఉద్దేశం.

ఉమ్మడి ఉద్దేశం:

సెక్షన్ 3(5) కొత్త నేరాన్ని సృష్టించదు. ఒకరి చర్యకు మరొకరిని బాధ్యులను చేసే సూత్రాన్ని మాత్రమే చెబుతుంది. ఇద్దరున్నా ఇది వర్తిస్తుంది. బరేంద్ర కుమార్ ఘోష్ కేసులో (1925) తాను కాల్పులు జరపలేదనీ, పోస్టాఫీసు బయట నిలబడి ఉన్నాననీ నిందితుడు చేసిన వాదనను ప్రీవీ కౌన్సిల్ అంగీకరించలేదు. స్వయంగా ఆయుధం ప్రయోగించకపోయినా, పథకంలో భాగస్వామి అయితే బాధ్యత తప్పదు.

మెహబూబ్ షా కేసులో (1945) ఇదే న్యాయపీఠం మరో పార్శ్వాన్ని స్పష్టం చేసింది. ఇద్దరికి ఒకే రకమైన ఉద్దేశం ఉన్నంత మాత్రాన అది ఉమ్మడి ఉద్దేశం కాదు. ఇద్దరి మనసులు ముందే కలిసి ఉండాలి. హైదరాబాద్ రాష్ట్రం నుండి వెళ్లిన పాండురంగ్ కేసులోనూ సుప్రీంకోర్టు ఈ భేదాన్నే పాటించింది. ఒకే సమయంలో పలువురు దాడి చేయడం ముందస్తు అవగాహనకు తిరుగులేని రుజువు కాదని పేర్కొంది. అటువంటి అవగాహన ఘటనా స్థలంలోనే, క్షణాల్లో ఏర్పడవచ్చు. కాని నేరచర్యకు ముందే ఏర్పడి ఉండాలి.

ఉమ్మడి లక్ష్యం:

సెక్షన్ 190 వర్తించాలంటే కనీసం ఐదుగురితో కూడిన చట్టవిరుద్ధ సమావేశం ఉండాలి. ఇక్కడ ముందస్తు అవగాహన తప్పనిసరి కాదు. ఉమ్మడి లక్ష్య సాధనలో జరిగిన నేరానికీ, ఆ సాధనలో జరిగే అవకాశం ఉందని సభ్యులకు తెలిసిన నేరానికీ ప్రతి సభ్యుడూ బాధ్యుడే. అయితే కేవలం చూడటానికి వచ్చి నిలబడినవారు సభ్యులు కారు.

అన్వయం:

పొలం గట్టు తగాదాలో నలుగురు కర్రలతో కొట్టడానికి వెళ్లారనుకుందాం. వారిలో ఒకడు ఇతరులకు తెలియకుండా దాచిన కత్తితో బాధితుని చేతి ఎముక విరిగేలా నరికాడు. కర్రదెబ్బలు సాధారణ గాయాలకే పరిమితమైతే మిగిలిన ముగ్గురిపై మోపదగినది 115(2) సెక్షన్; దాని గరిష్ఠ జైలుశిక్ష ఒక సంవత్సరం. కత్తి పట్టినవానికి వర్తించే 118(2) సెక్షన్‌లో యావజ్జీవం వరకు శిక్ష ఉంది. కత్తి సంగతి ముందే తెలిసి, నరకడానికి అందరూ సమ్మతించి ఉంటే నలుగురికీ 118(2) వర్తిస్తుంది. అంటే ఉద్దేశ నిర్ధారణపైనే ఒక వ్యక్తి జీవితకాలపు స్వేచ్ఛ ఆధారపడి ఉంటుంది.

ముగింపు:

'అందరూ కలిసి కొట్టారు' అన్న ఒక్క వాక్యంతో ఈ నిర్ధారణ పూర్తికాదు. ఎవరు ఏ ఆయుధంతో వచ్చారు, దాడికి ముందు ఏమన్నారు, మొదటి దెబ్బ పడ్డాక ఆగారా, కొనసాగించారా అన్న అంశాలను ఒక్కొక్కరి విషయంలో విడిగా పరిశీలించాలి. ఈ పరిశీలన లోపిస్తే దారినపోయేవాడు శిక్ష అనుభవించవచ్చు. దెబ్బ వేయకుండా పథకం నడిపినవాడు తప్పించుకోవచ్చు. సామూహిక బాధ్యత సూత్రం ఈ రెండు అన్యాయాలనూ నివారించినప్పుడే సార్థకమవుతుంది.