ఉప్పు కోసం జైలుకు వెళ్ళిన ఇల్లాళ్ళు

(మహిళల రేడియో కార్యక్రమంలో చేసిన ప్రసంగం)



మొన్న ఆవకాయకు ఉప్పు కొలుస్తూ ఉంటే మా అమ్మాయి పాఠ్యపుస్తకం పట్టుకుని వచ్చి, "అమ్మా, ఉప్పు కోసం ఎవరైనా జైలుకు వెళతారా?" అని అడిగింది. ఉప్పు పాకెట్టు కొనేటప్పుడు ధర కూడా చూడని రోజులివి. పిల్లకు వింతగానే ఉంటుంది మరి! చేతిలో పని ఆపి చెప్పాను. అదే మీకూ చెబుతాను.

మాది తడ. ఒక పక్క పులికాట్ సరస్సు, దాని అవతల సముద్రం. ఈ తీరంలో ఎండలు ముదిరితే చవిటినేల మీద ఉప్పు తెల్లగా పేరుకుంటుంది. కాని తెల్లదొరల కాలంలో ఆ ఉప్పును గోకి ఇంటికి తెచ్చుకుంటే నేరం! ఉప్పు తయారీ మీద పెత్తనమంతా సర్కారుదే. 1930 నాటికి సుమారు 37 కిలోల మణుగు ఉప్పు మీద పన్ను రూపాయి పావలా. ఇంతేనా అనుకోకండి, కూలి అణాల లెక్కన ఉండే రోజులవి. బియ్యం ప్రియమైతే ఒకపూట గంజితో సరిపెట్టుకోవచ్చు. ఆ గంజిలోకైనా ఉప్పు కావాలి కదా! జమీందారు ఇంటి కూరలోనూ, కూలి మనిషి గంజిలోనూ పడే ఉప్పు ఇంచుమించు ఒకటే. పన్ను అందరికీ సమానమే, బరువు మాత్రం బీద ఇల్లాలిది.

అందుకే గాంధీగారు ఉప్పునే పట్టుకున్నారు. 1930 మార్చి 12న 78 మందితో సబర్మతి నుంచి బయలుదేరి, ఏప్రిల్ 6న దండి తీరంలో ఉప్పు తీశారు. ఆ నడకలో ఆడవాళ్ళను చేర్చుకోలేదు. తర్వాత వాళ్ళను ఆపడం ఎవరి తరమూ కాలేదనుకోండి. మద్రాసులో దుర్గాబాయమ్మగారు ఉప్పు సత్యాగ్రహం చేసి అరెస్టయ్యారు. మా తడ ఇప్పుడు, అంటే 2022 నుంచి, తిరుపతి జిల్లాలో ఉంది గాని అప్పట్లో నెల్లూరు జిల్లాయే. ఆ జిల్లాలో, నెల్లూరికి తూర్పున ఉన్న మైపాడు సముద్రతీరంలో సత్యాగ్రహులు ఉప్పు చేశారు.

నెల్లూరికి ఈ ధైర్యం ఒక్కరోజులో రాలేదు. అంతకు తొమ్మిదేళ్ళ ముందే, 1921 ఏప్రిల్ 7న, పెన్న ఒడ్డున పల్లిపాడులో గాంధీగారు పినాకినీ సత్యాగ్రహాశ్రమాన్ని ప్రారంభించారు. దిగుమర్తి హనుమంతరావుగారు, చతుర్వేదుల కృష్ణయ్యగారు దాన్ని స్థాపించారు. భవనానికి గాంధీగారి దక్షిణాఫ్రికా మిత్రుడు రుస్తుంజీగారు 10,000 రూపాయలు ఇచ్చారు. మరి స్థలం ఇచ్చిందెవరు? పొణకా కనకమ్మగారు!

1892లో కలిగిన ఇంట పుట్టిన ఆవిడకు చిన్నతనంలోనే పెళ్ళయింది. బడి చదువు లేదు. ఇంట్లోనే పుస్తకాలు ముందేసుకుని నేర్చుకుని, కవిత్వం కూడా రాశారు. తనకు దక్కని బడి ఇతర ఆడపిల్లలకు దక్కాలని 1923లో నెల్లూరులో కస్తూరిదేవి విద్యాలయం పెట్టారు. 1929లో దాని భవనానికి గాంధీగారే శంకుస్థాపన చేశారు. ఆ మరుసటి ఏడే కనకమ్మగారు ఉప్పు సత్యాగ్రహంలో జైలుకు వెళ్ళారు. 1932లో మళ్ళీ వెళ్ళారు. పదో తరగతితో చదువు ఆపేసిన నాకు ఆవిడ కథ ఎప్పుడు చదివినా కొంచెం సిగ్గు, బోలెడంత ధైర్యం కలుగుతాయి.

ఇంతా చేసి ఏం సాధించారంటారా? 1931 మార్చిలో గాంధీ – ఇర్విన్ ఒప్పందం కుదిరింది. ఉప్పు దొరికే ఊళ్ళవాళ్ళు తమ ఇంటికీ, తమ ఊళ్ళో అమ్ముకోవడానికీ ఉప్పు తీసుకోవచ్చునన్నారు. పన్ను పూర్తిగా పోయింది 1947లో. అంటే మా తీరంలో ఇల్లాలు తన గుమ్మం ముందున్న ఉప్పును భయం లేకుండా ముట్టుకోగలిగింది.

కనకమ్మగారు తమ ఆత్మకథ 'కనకపుష్యరాగం' రాసిపెట్టారు కనుక మనకు తెలిసింది. మరి సత్యాగ్రహులకు అన్నం వండిపెట్టినవాళ్ళు, భర్త జైల్లో ఉంటే సంసారం ఈదినవాళ్ళు? వాళ్ళ పేర్లు ఏ పుస్తకంలో ఉన్నాయి? ఆనాటివాళ్ళు వెళ్ళిపోయారు. వాళ్ళ నోట విన్నవాళ్ళు ఇంకా మన ఇళ్ళలో ఉన్నారు. ఈ ఆదివారం పని తీరాక అత్తగారినో, అమ్మనో కూర్చోబెట్టి అడగండి. చెప్పింది పద్దుల పుస్తకంలోనైనా సరే రాసిపెట్టండి. నేను మొదలుపెట్టాను.

సెలవు.