కోడ్ ఖరాబు కాలే.. తొవ్వ తప్పింది!

విండోస్ లాప్‌టాప్‌ల మంచిగ నడిచిన ప్రాజెక్టు లైనక్స్‌లకు మార్చంగనే మొరాయిస్తది. "నో సచ్ ఫైల్ ఆర్ డైరెక్టరీ" అంటది. "కమాండ్ నాట్ ఫౌండ్" అంటది. ఆండ్రాయిడ్ ప్రాజెక్టైతే "ఎస్‌డీకే లొకేషన్ నాట్ ఫౌండ్" అంటది. తెర నిండ ఎర్రక్షరాలు చూసి పిల్లలు పరేశాన్ అయితరు. "నా కోడ్ ఖరాబైంది, ఈ సదువు నాతోని కాదు" అనుకుంటరు. కొందరు రాసిందంతా తీసేసి మళ్ల మొదటికెళ్లి రాస్తరు. వైవా దగ్గరికొస్తే ఇంకొందరు అమీర్‌పేట, దిల్‌సుఖ్‌నగర్ దుకాణాలల్ల రెడీమేడ్ ప్రాజెక్టు కొనుక్కొస్తరు. ఇంట్ల ఎవుసం మీద వచ్చిన పైసలు గట్ల పోతయ్. పైసలకన్నా పెద్ద నష్టమేందంటే, సొంతంగ చేసిన పని మీద నమ్మకం పోతది.

అసలు సంగతేందంటే, సిస్టం మార్చినంక వచ్చే ఇట్లాంటి ఎర్రర్లల్ల శానా మటుకు కోడ్‌ది తప్పే ఉండదు. ఫైలు యాడుందో, పనిముట్టు యాడుందో చెప్పే తొవ్వ తప్పుంటది. దాన్నే ఇంగ్లీషుల పాత్ అంటరు. తొవ్వ సరిచేస్తే అదే కోడ్ మళ్ల నడుస్తది.

ఇప్పుడే ఎందుకీ ముచ్చట

మన మహేశ్వరం చుట్టుపక్కల చూడుండ్రి. ఒక దిక్కు రావిర్యాల ఎలక్ట్రానిక్స్ సిటీ, ఇంకో దిక్కు కొంగరకలాన్‌ల ఫాక్స్‌కాన్. ఇబ్రహీంపట్నం దిక్కు పోతే ఇంజినీరింగ్ కాలేజీలు. ఇంటింటికి ఇంటర్నెట్ ఇస్తమని టీ-ఫైబర్ తెచ్చినప్పుడు ముందుగాల ప్రయోగం చేసింది గూడ మహేశ్వరం మండలంల నాలుగు ఊర్లల్లనే. ఇన్ని ఉన్నా, ఊరి పిల్లలల్ల శానా మంది చేతిల ఉన్నది సెకండ్ హ్యాండ్ లాప్‌టాపే.

2025 అక్టోబర్ 14 నాడు మైక్రోసాఫ్ట్ విండోస్ 10కు మామూలు సపోర్టు బందు పెట్టింది. విండోస్ 11 ఎక్కాల్నంటే టీపీఎం 2.0 ఉండాలె, ఇంటెల్ ప్రాసెసర్ అయితే 8వ తరందో ఆ పైదో ఉండాలె. పాత లాప్‌టాప్‌లకు ఇది కుదరదు. కొత్తది కొనే తాహతు లేనోళ్లు ఉబుంటు, మింట్ అసొంటి లైనక్స్ వేసుకుంటున్నరు. పైస ఖర్చు లేదు, పాత మిషన్‌ల గూడ హల్కగ నడుస్తది. మంచి పనే. గని కాలేజీ ల్యాబ్‌ల విండోస్, ఇంట్ల లైనక్స్, ప్రాజెక్టు పెన్‌డ్రైవ్‌ల అటూఇటూ తిరుగుడు. లొల్లి ఇక్కడ్నే మొదలైతది.

రెండిట్ల తొవ్వలు ఎందుకు వేరైనయ్

యూనిక్స్ 1969ల అమెరికాల బెల్ ల్యాబ్స్ కాడ పుట్టింది. అండ్ల ఫోల్డర్ల నడుమ ముందుకు వంగిన గీత ( / ) పెడతరు. లైనక్స్, మ్యాక్ ఆ తొవ్వల్నే నడుస్తున్నయ్. మైక్రోసాఫ్ట్ వాళ్ల ఎంఎస్-డాస్ 1981ల వచ్చినప్పుడు అండ్ల ఫోల్డర్లే లేవు. ఆ గీతను అప్పటికే కమాండ్లకు ఆప్షన్లు ఇచ్చుటానికి వాడుకున్నరు. 1983ల డాస్ 2.0తోని ఫోల్డర్లు వచ్చేసరికి ఆ గీతకు జాగ లేకుండ పోయింది. గందుకే ఎనుకకు వంగిన గీత ( \ ) పెట్టిన్రు. ఏ, బీ అనేటియి ఫ్లాపీలకు పోయినయ్, హార్డ్ డిస్క్‌కు సీ డ్రైవ్ అని పేరొచ్చింది. నలభై ఏండ్ల కిందటి ఆ నిర్ణయమే ఇయ్యాల మీ ప్రాజెక్టును ఆపుతున్నది.

లైనక్స్‌ల సీ, డీ డ్రైవులుండయ్. అన్నీ ఒకటే మూలం ( / ) కిందికి వస్తయ్, మీ ఫైళ్లు హోమ్ ఫోల్డర్‌ల మీ పేరు మీద ఉంటయ్. కాబట్టి "సీ:\యూజర్స్\.." అని కోడ్‌ల రాసిపెడితే, లైనక్స్‌కు అది ఉన్నూరు కాదు, లేనూరు.

యాడ యాడ తప్పుతది

ఒకటి, పూరా అడ్రస్ రాసుడు. డేటా ఫైలు "డీ:\ప్రాజెక్ట్\డేటా" కాడ ఉన్నదని కోడ్‌లనే రాస్తే, ఆ డ్రైవు లేని మిషన్‌ల అది దొరకదు. "ఈ కోడ్ ఫైలు ఉన్నకాడి నుంచి పక్కనున్న డేటా ఫోల్డర్" అని రాస్తే, ప్రాజెక్టు ఏ మిషన్‌ల పెట్టినా దొరుకుతది. దీన్ని రిలేటివ్ పాత్ అంటరు. పైథాన్‌ల పాత్‌లిబ్, నోడ్‌ల పాత్ డాట్ జాయిన్ ఇందుకే ఉన్నయ్. గీత ఎటు వంగాల్నో అవ్వే చూసుకుంటయ్.

పైథాన్‌ల ఎనుక గీతతోని ఇంకో తిప్పలుంది. కొటేషన్ల నడుమ ఎనుక గీత తర్వాత ఎన్ అక్షరం వస్తే కొత్త లైన్ అనుకుంటది, టీ వస్తే ట్యాబ్ అనుకుంటది. "న్యూ", "టెస్ట్" అనే ఫోల్డర్ల పేర్లు గట్లనే ఆగమైతయ్. విండోస్‌ల గూడ పైథాన్ ముందు గీతను ఒప్పుకుంటది. అలవాటుగ అదే రాస్తే రెండుదిక్కుల నడుస్తది.

రెండు, పెద్దక్షరం చిన్నక్షరం. విండోస్‌కు "లోగో" పేరు ఇంగ్లీషు పెద్ద ఎల్‌తోని రాసినా చిన్న ఎల్‌తోని రాసినా ఒకటే. లైనక్స్‌కు అవి రెండు వేరే ఫైళ్లు. మ్యాక్ మామూలుగ విండోస్ లెక్కనే చూస్తది. వెబ్‌సైట్ లాప్‌టాప్‌ల మంచిగ కనవడి, ఆన్‌లైన్‌ల పెట్టంగనే బొమ్మలు మాయమైతే ముందు ఇదే అనుమానించుండ్రి, ఎందుకంటే సర్వర్లు ఎక్కువ లైనక్స్ మీదనే నడుస్తయ్. పేరు మార్చేటప్పుడు విండోస్‌ల ఉత్తగ రీనేమ్ చేస్తే గిట్ ఒక్కోసారి పట్టించుకోదు. గిట్ ఎంవీ కమాండ్‌తోని మార్చుండ్రి.

మూడు, పనిముట్ల తొవ్వ. జావా, నోడ్, ఫ్లట్టర్ ఏ ఫోల్డర్‌ల ఉన్నయో చెప్పే జాబితాకు పేరే పాత్. మీరు కమాండ్ కొట్టంగనే సిస్టం ఆ జాబితాల ఫోల్డర్లను వరుసగ ఎతుకుతది. ముందు ఏది దొరికితే అదే నడుస్తది. విండోస్‌ల ఫోల్డర్ల నడుమ సెమీకోలన్ ( ; ) ఉంటది. లైనక్స్‌ల కోలన్ ( : ) ఉంటది. ఒకదాంట్ల రాసింది ఇంకోదాంట్ల అంటివెడితే నడవది.

లైనక్స్‌ల కొత్త ఫోల్డర్ కలిపేటప్పుడు పాత జాబితాను, అంటే డాలర్ పాత్‌ను, లైన్‌ల తప్పకుండ పెట్టుండ్రి. అది మరిచిపోతే ఎల్ఎస్ అసొంటి మామూలు కమాండ్లు గూడ దొరకయ్. ఎక్స్‌పోర్ట్ అని టెర్మినల్‌ల కొడితే ఆ కిటికీ మూసేదాక్నే పనిచేస్తది. ఎప్పటికీ ఉండాల్నంటే హోమ్‌ల ఉన్న బ్యాష్ఆర్‌సీ ఫైల్‌ల రాయాలె. విండోస్‌ల సెట్ఎక్స్ కమాండ్‌తోని పాత్ మార్చకుండ్రి. 1024 అక్షరాలు దాటితే మిగిలింది కోసేస్తది. సెట్టింగ్స్‌ల ఎన్విరాన్‌మెంట్ వేరియబుల్స్ కిటికీల మార్చుడే మేలు. జావా హోమ్ అనే వేరియబుల్‌ల జావా ఫోల్డర్ వరకే ఇయ్యాలె, లోపటి బిన్ ఫోల్డర్ దాక పోవద్దు. ఏం మార్చినా టెర్మినల్, ఎడిటర్ మూసి మళ్ల తెరవాలె. పాతది తెరిచే ఉంచితే పాత తొవ్వే చూస్తది.

ఉబుంటుల "పైథాన్" అని కొడితే దొరకలే అంటది. భయపడకుండ్రి, అక్కడ దాని పేరు "పైథాన్3".

నాలుగు, కండ్లకు కనవడని అక్షరం. విండోస్‌ల లైన్ చివర రెండు గుర్తులుంటయ్, లైనక్స్‌ల ఒక్కటే. విండోస్‌ల రాసిన స్క్రిప్ట్ లైనక్స్‌ల నడిపితే, ఆ మిగిలిన గుర్తును సుత పేరుల కలిపి చదువుతది. ఫైలు కండ్ల ముందే ఉన్నా "లేదు" అనేది ఇందుకే. వీఎస్ కోడ్‌ల కింద కుడి మూలకు సీఆర్ఎల్ఎఫ్ అని ఉంటే దాన్ని నొక్కి ఎల్ఎఫ్ చేసి సేవ్ కొట్టుండ్రి. డాస్2యూనిక్స్ అనే చిన్న పనిముట్టు గూడ ఇదే పని చేస్తది.

ఐదు, నడిపే అనుమతి. పెన్‌డ్రైవ్‌లు ఎక్కువ ఫ్యాట్32, ఎక్స్‌ఫ్యాట్ పద్ధతిల ఉంటయ్. లైనక్స్ పెట్టుకునే "ఈ ఫైలును నడపొచ్చు" అనే గుర్తు అండ్ల నిలవది. గ్రేడిల్‌డబ్ల్యూ ఫైలు "పర్మిషన్ డినైడ్" అంటే, సీహెచ్‌మాడ్ ప్లస్ ఎక్స్ కొట్టి ఆ అనుమతి ఇయ్యాలె.

ఆరు, పేర్లు. "న్యూ ఫోల్డర్" అని నడుమ జాగ వదిలితే కొన్ని కమాండ్లు దాన్ని రెండు పేర్లు అనుకుంటయ్. విండోస్‌ల కాన్, నల్, ఆక్స్ అని ఇంగ్లీషుల పేర్లు పెట్టనియ్యదు, డాస్ కాలం నుంచి అవి సిస్టం సొంతానికి పెట్టుకున్న పేర్లు. లైనక్స్‌ల చెల్లే కోలన్, ప్రశ్న గుర్తు విండోస్ ఫైలు పేర్లల్ల చెల్లయ్. ఫోల్డర్‌ల ఫోల్డర్ పెట్టుకుంట పోయి తొవ్వ 260 అక్షరాలు దాటితే విండోస్‌ల శానా పనిముట్లు ఆగిపోతయ్.

మూట కట్టొద్దనేటియి

కొత్త ఊరికి పోయెటోళ్లు గింజలు తీస్కపోతరు గని, పాత ఊరి పొయ్యిని తవ్వి తీస్కపోరు. ప్రాజెక్టు గూడ అంతే. మీరు రాసిన కోడ్, డేటా, ఏమేం కావాల్నో చెప్పే జాబితా, ఇవి తీస్కపోవాలె. మిషన్ తయారు చేసుకున్నయి ఆడ్నే ఇడిచిపెట్టాలె.

పైథాన్‌ల వర్చువల్ ఎన్విరాన్‌మెంట్ ఫోల్డర్ తీస్కపోవద్దు. అండ్ల పాత మిషన్ పూరా అడ్రసులు రాసి ఉంటయ్. పాత సిస్టంల పిప్ ఫ్రీజ్ కొట్టి రిక్వైర్‌మెంట్స్ ఫైలు తయారు చేసుకోండ్రి, కొత్తదాంట్ల దాంతోని మళ్ల కట్టుండ్రి. నోడ్ మాడ్యూల్స్ ఫోల్డర్ గూడ తీస్కపోవద్దు. ప్యాకేజ్ ఫైలు, లాక్ ఫైలు ఉంటే చాలు, ఎన్‌పీఎం ఇన్‌స్టాల్ కొడితే అన్నీ దిగుతయ్. ఆండ్రాయిడ్‌ల లోకల్ డాట్ ప్రాపర్టీస్ అనే ఫైల్‌ల పాత మిషన్ ఎస్‌డీకే అడ్రస్ ఉంటది. దాన్ని తీసేసి ఆండ్రాయిడ్ స్టూడియోల తెరిస్తే కొత్తది అదే రాసుకుంటది. ఇవన్నీ గిట్‌ఇగ్నోర్ ఫైల్‌ల రాసి, పెన్‌డ్రైవ్ బదులు గిట్‌తోని పంపుకుంటే సగం తిప్పలు అక్కడ్నే తీరిపోతయ్.

ఎర్రర్ వస్తే ఏ వరుసల చూడాలె

ముందుగాల మొదటి ఎర్రర్ లైన్ చదువుండ్రి. కిందున్న యాభై లైన్లు శానాసార్లు దాని పిల్లలే. అండ్ల దొరకనిది ఫైలా, పనిముట్టా తేల్చుకోండ్రి. పనిముట్టైతే లైనక్స్‌ల విచ్, విండోస్ కమాండ్ ప్రాంప్ట్‌ల వేర్ అనే కమాండ్ తర్వాత దాని పేరు కొట్టుండ్రి. ఏమీ చూపియ్యకుంటే అది ఇన్‌స్టాల్ కాలే, లేకుంటే పాత్ జాబితాల లేదు. వేరే జాగ చూపిస్తే పాత వెర్షన్ అడ్డం వస్తున్నది. ఫైలు దొరకకుంటే మీరు ఏ ఫోల్డర్‌ల నిలబడి కమాండ్ కొడుతున్నరో చూసుకోండ్రి, పేరుల అక్షరం అక్షరం సరిచూడుండ్రి. అప్పటికీ కాకుంటే లైన్ చివరి గుర్తు, అనుమతి చూడుండ్రి. ఇవన్నీ అయినంకనే కోడ్ మీద చెయ్యి వెయ్యాలె.

తప్పు పిల్లలదేనా?

సీ, జావా, పైథాన్ సిలబస్‌ల ఉంటయ్. గని కమాండ్ లైన్, పాత్, గిట్ గురించి కూసోవెట్టి చెప్పేటోళ్లు తక్కువ. "అవి మీరే నేర్చుకుంటరు తియ్" అంటరు. ఇంట్ల ఇంజినీర్ అన్ననో అక్కనో ఉన్న పట్నం పిల్లకు అది పది నిమిషాల ముచ్చట. ఇంట్ల మొదటిసారి లాప్‌టాప్ తెరిచిన ఊరి పిల్లకు అది వారం రోజుల ఏడుపు. మొదటి సంవత్సరంల రెండు ల్యాబ్ క్లాసులు దీనికి ఇస్తే కాలేజీకి పోయేదేం లేదు. ల్యాబ్‌ల పది మిషన్లల్లనన్న లైనక్స్ పెడితే పిల్లలకు రెండు తొవ్వలూ తెలుస్తయ్.

పనిముట్లు చేసెటోళ్లను గూడ అడగాలె. విండోస్‌ల మీ పేరును తెలుగుల పెట్టుకుంటే యూజర్ ఫోల్డర్ గూడ తెలుగుల వస్తది. ఆ తొవ్వల పెట్టిన ఆండ్రాయిడ్ ప్రాజెక్టును విండోస్‌ల గ్రేడిల్ ఒప్పుకోదు, ఇంగ్లీషు కాని అక్షరాలున్నయని ఆపుతది. తెలుగు అక్షరాలకు యూనికోడ్‌ల 1991లనే జాగ దొరికింది. ఇన్నేండ్లయినా మన పేరు మన లిపిల రాసుకుంటే పని ఆగుడేంది? ఇయ్యాల పని నడవాల్నంటే ఫోల్డర్ పేర్లు చిన్న ఇంగ్లీషు అక్షరాలల్ల, జాగ లేకుండ పెట్టుకోండ్రి. గని అది మన తప్పని అనుకోకుండ్రి. హైదరాబాద్‌ల స్వేచ్ఛ సంస్థోళ్లు లైనక్స్‌ను తెలుగుల తెచ్చి చూపెట్టిన్రు. అయ్యేదే ఇది, అడిగేటోళ్లు ఉండాలె.

తమ్ముళ్లు, చెల్లెండ్లు, ఇంకొక్క ముచ్చట. వాట్సాప్ గ్రూపుల సాయం అడిగినప్పుడు "అన్నా, నడుస్తలేదు" అని ఒక్క మాట రాయకుండ్రి. ఏ సిస్టం, ఏ కమాండ్ కొట్టిన్రు, మొదటి ఎర్రర్ లైన్ ఏంది, ఈ మూడు పంపుండ్రి. జవాబు జెల్ది వస్తది. సరిచేసుకున్నంక ఏం చేస్తే నడిచిందో రీడ్‌మీ ఫైల్‌ల తెలుగులనే నాలుగు లైన్లు రాసిపెట్టుండ్రి. వచ్చే ఏడు మీ ఊరికెళ్లి ఇంకో పిల్ల అదే కాలేజీకి పోతది. ఆమెకు గా నాలుగు లైన్లు మస్తు అక్కరకొస్తయ్.