మ్యాగజైన్ పౌచ్

ఈ వ్యాసం తుపాకీ మ్యాగజైన్‌ను బెల్టుకు ధరించే పౌచ్ గురించి. పత్రిక అనే అర్థం కొరకు మ్యాగజైన్ (పత్రిక) చూడండి.

మ్యాగజైన్ పౌచ్ అనగా పిస్తోలు లేదా రైఫిలు యొక్క అదనపు మ్యాగజైన్‌ను నడుము బెల్టుకు తగిలించుకొనుటకు వీలుగా తయారుచేసిన చిన్న ఒర. పోలీసులు, సైనికులు, ప్రముఖుల వెంట ఉండే గన్‌మెన్‌లు దీనిని ధరిస్తారు. దీనికి ఉన్న పనులు రెండే. మొదటిది, ధరించిన వ్యక్తి పరుగెత్తినా, వంగినా, కూర్చున్నా మ్యాగజైన్ జారిపోకుండా పట్టి ఉంచడం. రెండవది, అవసరం వచ్చినప్పుడు చూడకుండా, ఒక్క చేతితో లాగగానే దానిని వదలడం. ఈ రెండు గుణాలు ఒకదానికొకటి విరుద్ధమైనవి. బిగుతు పెరిగితే తీయడం కష్టమవుతుంది, వదులైతే పడిపోతుంది. ఈ రెంటినీ తక్కువ భాగాలతో సమన్వయం చేసినదే మంచి పౌచ్.

## పేరు

మ్యాగజైన్ అనే పదానికి మూలం అరబ్బీ భాషలోని మఖ్‌జన్. సరుకు నిల్వచేయు కొట్టు అని దీని అర్థం. హైదరాబాదు ప్రాంతంలో బాగా పరిచయమున్న ఖజానా అనే మాట కూడా ఇదే ధాతువు నుండి పుట్టినది. ఐరోపా భాషలలో ఈ పదం మందుగుండు కొట్టుకు పేరుగా స్థిరపడి, తరువాత తుపాకీలో తూటాలు నిల్వ ఉండే పెట్టెకు కూడా వర్తించినది. 1731లో లండనులో వెలువడిన జెంటిల్‌మన్స్ మ్యాగజైన్ ఈ పేరును పత్రికలకు తెచ్చినది. తెలుగులో తూటాల పెట్టె అనవచ్చును గాని, పోలీసు వాడుకలో మ్యాగజైన్ అనే మాటే ఉన్నది. ఒక్కొక్క తూటాను రౌండు అంటారు.

## చరిత్ర

తూటాలను నడుముకు కట్టుకొని తిరిగే అలవాటు మ్యాగజైన్ల కంటే పాతది. హైదరాబాదులో అబిడ్స్‌కు, బషీర్‌బాగ్‌కు మధ్యనున్న గన్‌ఫౌండ్రీ ప్రాంతానికి ఆ పేరు ఫ్రెంచి సేనాని రేమండ్ 1786లో నెలకొల్పిన ఫిరంగుల కర్మాగారం వలన వచ్చినది. స్థానికులు దానిని తోప్ కా సాంచా అంటారు. ఐరోపా పద్ధతిలో శిక్షణ పొందిన ఆ కాలపు సిపాయిలు కాగితంలో చుట్టిన మందును, గుండును తోలు పెట్టెలలో ఉంచి భుజానికో నడుముకో తగిలించుకొనేవారు. పెట్టెకుండే వెడల్పాటి తోలు మూత వాన నుండి మందును కాపాడేది. తడిసిన మందు పేలదు కనుక ఆనాడు మూతయే ముఖ్యమైన భాగం.

లోహపు తొడుగుగల తూటాలు వచ్చిన తరువాత కూడా తోలు పౌచ్‌లు కొనసాగినవి. బ్రిటిషు సైన్యం 1888లో ప్రవేశపెట్టిన స్లేడ్-వాలెస్ సామగ్రి తోలుతో చేసినదే. దక్షిణాఫ్రికాలో 1899 నుండి 1902 వరకు జరిగిన బోయర్ యుద్ధం తరువాత తోలు సామగ్రి లోపాలపై చర్చ పెరిగి, 1908లో దళసరి నూలు నేతతో చేసిన వెబ్బింగ్ సామగ్రి అమలులోకి వచ్చినది. అందులోని పది చిన్న అరలలో అరకు పదిహేను చొప్పున 150 తూటాలు పట్టేవి. 1937 నమూనాలో బ్రెన్ తుపాకీ మ్యాగజైన్ పట్టే పెద్ద పౌచ్ చేరినది. రెండవ ప్రపంచ యుద్ధ కాలంలో ఈ సామగ్రి భారతదేశంలో కూడా తయారైనది.

పిస్తోలు విషయానికి వస్తే, అమెరికా సైన్యం 1911లో స్వీకరించిన .45 పిస్తోలుకు రెండు మ్యాగజైన్లు పట్టే మూతగల కాన్వాస్ పౌచ్ తయారైనది. నేటి జంట పౌచ్ రూపం దానిని పోలినదే.

## ఏ ఆయుధానికి ఏ పౌచ్

పౌచ్ ఆయుధాన్ని బట్టి కాక, దాని మ్యాగజైన్ కొలతలను బట్టి తయారవుతుంది. భారతదేశంలో తరచుగా కనిపించే ఆయుధాల వివరాలు ఇవి.

* 9 ఎం.ఎం. పిస్తోలు ఆటో 1ఎ: బ్రౌనింగ్ హైపవర్ నమూనాపై ఇషాపూర్ రైఫిల్ ఫ్యాక్టరీలో తయారైనది. మ్యాగజైన్‌లో 13 రౌండ్లు పడతాయి.
* గ్లాక్ 17: మ్యాగజైన్‌లో 17 రౌండ్లు. మ్యాగజైన్ బయటి పొర ప్లాస్టిక్.
* ఎస్.ఎల్.ఆర్., ఇన్సాస్ రైఫిళ్ళు: 20 రౌండ్ల మ్యాగజైన్లు. వీటికి పెద్ద వెబ్బింగ్ పౌచ్ అవసరం.
* ఎ.కె. 47: వంపు తిరిగిన 30 రౌండ్ల మ్యాగజైన్. దీనిని నడుము కంటే ఛాతీ మీద ధరించడం సులువు.
* రివాల్వరు: దీనికి మ్యాగజైన్ ఉండదు. ఆరు తూటాలు విడిగా ఉంచుకొనే పౌచ్ వాడతారు.
* 12 బోరు డబుల్ బ్యారెల్: బ్యాంకుల కాపలాదారుల వద్ద కనిపించే తుపాకీ. దీనికి కూడా మ్యాగజైన్ ఉండదు. తూటాలు దూర్చే వరుస గుళ్ళు గల పట్టీ చాలును.

ఒక ఆయుధానికి చేసిన పౌచ్‌లో మరొక దాని మ్యాగజైన్ ఇమిడినంత మాత్రాన అది సరిపోయినట్లు కాదు. వెడల్పులో కొద్ది తేడా ఉన్నా పట్టు మారిపోతుంది. అన్ని మ్యాగజైన్లకు సరిపోతుందని చెప్పే పౌచ్‌లు సాధారణంగా ఎలాస్టిక్ మీద ఆధారపడతాయి. ఎలాస్టిక్ వాడుకలో సాగి వదులవుతుంది.

## రకాలు

### తయారీ పదార్థం

తోలు: చూపునకు హుందాగా ఉంటుంది, శబ్దం చేయదు, కొంతకాలానికి మ్యాగజైన్ ఆకారానికి ఒదుగుతుంది. కొత్తలో మరీ బిగుతుగా, పాతబడ్డాక వదులుగా ఉండటం దీని లోపం. తడిసి ఎండినప్పుడు గట్టిపడి వంకర పోతుంది.

వెబ్బింగ్, నైలాన్: తేలిక, చవక. నైలాన్ తడిసినా త్వరగా ఆరుతుంది. లోపల గట్టి అట్ట లేని నైలాన్ పౌచ్ ఖాళీ కాగానే ముడుచుకుపోతుంది. అందువలన మ్యాగజైన్‌ను తిరిగి లోపల పెట్టడానికి రెండు చేతులు కావలసివస్తాయి.

అచ్చుపోసిన ప్లాస్టిక్: తడికి, చెమటకు మారదు. పట్టును మరతో బిగించి సరిచేసుకొనవచ్చును. మర వదులైతే పట్టు కూడా పోతుంది కనుక దానిని తరచుగా చూడవలెను.

### మూత

మూత లేని పౌచ్ నుండి మ్యాగజైన్ త్వరగా వస్తుంది. అయితే పట్టు అంతా గోడల రాపిడి మీదనే ఆధారపడుతుంది. మూత గల పౌచ్‌లో మ్యాగజైన్‌కు ధూళి నుండి, వాన నుండి, పరుల చేతి నుండి రక్షణ ఉంటుంది. మూతకు టిచ్ బటన్ లేదా వెల్క్రో వాడతారు. టిచ్ బటన్ సరిగా పడినప్పుడు టక్కుమని తెలుస్తుంది. వెల్క్రో మెత్తగా అతుక్కుంటుంది గాని దూది, మట్టి, రంగు పొడి చేరిన కొద్దీ పట్టు తగ్గుతుంది. అది అంటుకొన్నట్లు కనిపించి అంటుకొనకపోవడం పెద్ద ప్రమాదం.

## ఎంపికలో గమనించవలసిన అంశాలు

* భాగాల సంఖ్య: ప్రతి మర, స్ప్రింగు, బొత్తాం పాడయ్యే అవకాశం గలదే. ఒకే బొత్తాం గల పౌచ్ మూడు మీటలు గల పౌచ్ కంటే నమ్మదగినది.
* బెల్టు గుండు: పౌచ్ వెనుకనున్న గుండు బెల్టు వెడల్పునకు సరిగ్గా సరిపోవలెను. గుండు వెడల్పు ఎక్కువైతే పౌచ్ నడుము చుట్టూ జరుగుతుంది. చేయి వెళ్ళిన చోట మ్యాగజైన్ ఉండదు.
* కుట్టు: గుండు మొదలు వద్ద, మూత మడత వద్ద జంట కుట్టు ఉండవలెను. పౌచ్ ముందుగా తెగేది ఈ రెండు చోట్లనే.
* లోతు: మూత లేని పౌచ్ అయితే వేళ్ళతో పట్టుకొనుటకు వీలుగా మ్యాగజైన్ అడుగుభాగం పైకి కనిపించవలెను.
* అడుగున రంధ్రం: నీరు, మట్టి బయటకు పోవుటకు ఇది అవసరం.

## పరీక్షించే విధానం

ఖాళీ మ్యాగజైన్‌తో చేసిన పరీక్ష మోసం చేస్తుంది. ఒక 9 ఎం.ఎం. తూటా బరువు సుమారు 12 గ్రాములు. 13 తూటాలకు 150 గ్రాములు దాటుతుంది. ఖాళీ మ్యాగజైన్‌ను పట్టి ఉంచిన పౌచ్ నిండు మ్యాగజైన్‌ను వదిలివేయవచ్చును. అంగడిలో తూటాలతో పరీక్షించడం తగదు కనుక, అంత బరువు గల డమ్మీ తూటాలతో గాని, పోలీసులు బెల్ ఆఫ్ ఆర్మ్స్ అని పిలిచే ఆయుధాగారంలో అధికారి సమక్షంలో గాని చూడవలెను.

1. మ్యాగజైన్ ఉంచిన పౌచ్‌ను తలక్రిందులు చేసి గట్టిగా ఊపవలెను. మూత తీసి ఉన్నా వెంటనే జారిపోకూడదు.
2. బెల్టుకు తగిలించి మెట్లెక్కి దిగి, పరుగెత్తి, గొంతు కూర్చొని, జీపులో కూర్చొని లేవవలెను. కూర్చొన్నప్పుడు పౌచ్ తొడకు గాని పక్కటెముకకు గాని గుచ్చుకొనకూడదు.
3. ఎదుటికి చూస్తూ, ఒక్క చేతితో పది మార్లు తీసి తిరిగి పెట్టవలెను. పదింట ఒక్కసారి ఇరుక్కొన్నా ఆ పౌచ్ పనికిరాదు.
4. చేతులు తడిచేసుకొని ఇదే పని మరల చేయవలెను.

## ధరించే విధానం

కుడిచేతి వాటం గలవారికి పిస్తోలు కుడివైపున, పౌచ్ ఎడమవైపున ముందుకు ఉండవలెను. కుడిచేయి పిస్తోలు పట్టుకొని ఉండగా ఎడమచేయి మ్యాగజైన్ అందుకొంటుంది. తూటాల మొనలు ముందుకు చూసేటట్లు మ్యాగజైన్‌ను తలక్రిందులుగా ఉంచుతారు. అప్పుడు చూపుడు వ్రేలు మ్యాగజైన్ ముందు అంచు వెంట ఆనుతుంది. చీకటిలో కూడా దిశ తప్పదు. ఎడమచేతి వాటం వారికి ఇదంతా తారుమారు అవుతుంది.

## మొజంజాహీ మార్కెట్ పరిసరాలలో బందోబస్తు

ఏ పౌచ్ మంచిది అనే ప్రశ్నకు సమాధానం అది ధరించి నిలబడే చోటును బట్టి మారుతుంది. ఇందుకు హైదరాబాదులోని మొజంజాహీ మార్కెట్ కూడలి మంచి ఉదాహరణ. ఏడవ నిజాము మీర్ ఉస్మాన్ అలీఖాన్ రెండవ కుమారుడు మొజంజా పేరిట 1935లో నిర్మించబడిన ఈ రాతి కట్టడం మరమ్మతుల తరువాత 2020 ఆగస్టు 14న పునఃప్రారంభమైనది. అబిడ్స్, నాంపల్లి, బేగంబజారు, అఫ్జల్‌గంజ్ వైపుల నుండి వచ్చే దారులు ఇక్కడ కలుస్తాయి. బాలాపూర్ నుండి హుస్సేన్ సాగర్‌కు సాగే గణేశ నిమజ్జన శోభాయాత్ర ఈ కూడలి మీదుగానే వెళుతుంది. జనవరిలో మొదలయ్యే నాంపల్లి నుమాయిష్‌కు కూడా పెద్ద సంఖ్యలో జనం వస్తారు.

ఇటువంటి బందోబస్తులో సిబ్బందిలో ఎక్కువమంది చేతిలో లాఠీయే ఉంటుంది. పిస్తోలు ధరించిన అధికారికి మాత్రం నడుము మీద ఒక కన్ను ఉండవలసినదే. నిమజ్జనం భాద్రపద మాసంలో వస్తుంది కనుక వాన తప్పదు. గులాలు పొడి వెల్క్రోను నింపివేస్తుంది. తోపులాటలో ఎవరి మోచేయి ఎవరికి తగిలినదో తెలియదు. మూత లేని పౌచ్ నుండి మ్యాగజైన్ జారిపడితే డప్పుల హోరులో ఆ చప్పుడు కూడా వినిపించదు. విధి ముగించి ఆయుధం అప్పగించునప్పుడు ప్రతి రౌండుకు రిజిస్టరులో లెక్క సరిపోవలెను. లెక్క తప్పితే విచారణ తప్పదు. అంతకు మించిన విషయం, ఆ పదమూడు తూటాలు ఎవరి చేతికి చేరినవో తెలియకపోవడం.

అందువలన జనసమ్మర్దంలో పనిచేసేవారికి టిచ్ బటన్ మూత గల గట్టి నైలాన్ పౌచ్ తగినది. మూత తెరవడానికి పట్టే అదనపు క్షణం అక్కడ పెద్ద నష్టం కాదు. గుంపులో తుపాకీ కాల్చవలసిన అవసరం అరుదు, మ్యాగజైన్ పోగొట్టుకొనే అవకాశం మాత్రం గంటగంటకు ఉంటుంది. ప్రముఖుని పక్కనే నడిచే గన్‌మన్ పరిస్థితి వేరు. అతనికి వేగం ముఖ్యం కనుక, చొక్కా లేదా కోటు మరుగున బిగుతైన మూతలేని పౌచ్ సరిపోతుంది.

## సంరక్షణ

తూటాలను, నిండు మ్యాగజైన్లను తోలు పౌచ్‌లో నెలల తరబడి నిల్వ ఉంచరాదు. తోలు పదునుచేయుటకు వాడిన రసాయనాలు, తేమ కలిసి ఇత్తడి తొడుగుపై పచ్చని చిలుము పట్టిస్తాయి. చిలుము పట్టిన తూటా తుపాకీలో ఇరుక్కొనవచ్చును. తోలుకు నూనె వెలుపల మాత్రమే పలుచగా పట్టించవలెను. తడిసిన తోలును నీడలోనే ఆరబెట్టవలెను. నైలాన్ పౌచ్‌ను నీటితో కడిగి, లోపలి మట్టి దులిపితే చాలును. బొత్తాం శబ్దం మందగించినా, గుండు కుట్టు ఒక పోగు లేచినా పౌచ్ మార్చవలసిన సమయం వచ్చినట్లే.

## చట్టపరమైన అంశాలు

భారతదేశంలో తుపాకీ, దాని భాగాలు, తూటాలు 1959 ఆయుధాల చట్టం పరిధిలోకి వస్తాయి. 9 ఎం.ఎం. నిషిద్ధ బోరు కనుక సాధారణ పౌరులకు దానికి లైసెన్సు లభించదు. ప్రైవేటు భద్రతా సంస్థలకు 2005 నాటి ప్రత్యేక చట్టం ఉన్నది. మోసగించే ఉద్దేశంతో ప్రభుత్వోద్యోగి దుస్తులను, చిహ్నాలను పోలినవి ధరించడం 2024 జూలై 1 నుండి అమలులోనున్న భారతీయ న్యాయ సంహిత 205వ సెక్షను ప్రకారం నేరం. అంతకు ముందు ఇదే విషయం భారత శిక్షాస్మృతి 171వ సెక్షనులో ఉండేది.

## ఇవి కూడా చూడండి

* పిస్తోలు
* మొజంజాహీ మార్కెట్
* గన్‌ఫౌండ్రీ
* హైదరాబాదు నగర పోలీసు