రైటరూ ఆవిడే, ప్రొడ్యూసరూ ఆవిడే: తేయా చెర్వెన్కోవా కథ

నేను సాఫ్ట్‌వేర్ జాబ్ వదిలేసి ఈ వీడియోల్లోకి వచ్చానని పాత వ్యూయర్స్‌కి తెలుసు. స్క్రిప్ట్ నేనే, కెమెరా నేనే, ఎడిటింగ్ నేనే. "అన్నీ నువ్వే చేసుకుంటే ఎన్నాళ్ళు నెట్టుకొస్తావ్ బ్రో?" అని చాలామంది అడుగుతుంటారు. ఆ ప్రశ్న బుర్రలో తిరుగుతున్నప్పుడే వందేళ్ళ క్రితం ప్రాగ్‌లో సినిమాలు తీసిన ఒకావిడ గురించి చదివాను. పేరు తేయా చెర్వెన్కోవా.

ముందు కొంచెం బ్యాక్‌గ్రౌండ్. చెక్ సినిమా 1898లో మొదలైంది. యాన్ క్రిజెనెట్స్కీ అనే ఆయన ప్రాగ్ ఎగ్జిబిషన్‌లో చిన్న చిన్న బిట్లు తీసి చూపించాడు. అప్పట్లో స్క్రిప్ట్ అంటే ఒక కామెడీ ఐడియా, అంతే. 20 ఏళ్ళు తిరిగేసరికి, 1918 అక్టోబర్ 28న చెకోస్లొవేకియా స్వతంత్ర దేశమైంది. మన కథలు మనమే తీసుకుందాం అనే ఊపు వచ్చింది.

ఆ ఊపులోనే తేయా సినిమాలు తీయడం మొదలుపెట్టారు. ఆవిడ జర్నలిస్ట్, సినిమా రివ్యూలు కూడా రాసేవారు. 1918లో ఓల్గా రౌతెన్‌క్రాంత్సోవా సినిమా డైరెక్ట్ చేశారు. ఆ తర్వాత మెగాఫోన్ పట్టిన రెండో చెక్ మహిళ తేయానే. కెమెరామన్ యోసెఫ్ బ్రాబెట్స్‌తో కలిసి ఫిల్మోవీ ఊస్తావ్ అని సొంత కంపెనీ కూడా పెట్టారు.

ఇప్పుడు అసలు పాయింట్. 1921లో ఆవిడ 'బాబిచ్కా' తీశారు. అంటే అమ్మమ్మ. బొజెనా న్యెమ్ట్సోవా 1855లో రాసిన నవల అది, చెక్ ఇళ్ళల్లో అందరికీ తెలిసిన పుస్తకం. కూతురి ఇంటికొచ్చి మనవల్ని పెంచే ఒక పల్లెటూరి పెద్దావిడ కథ. ఇందులో విలన్ లేడు, ఛేజింగ్ లేదు. పండగలు, పొలాలు, అమ్మమ్మ చెప్పే కబుర్లు. పైగా అది మూకీ సినిమా. కబుర్లే ప్రాణమైన నవలని మాట లేకుండా చూపించాలి. మధ్యమధ్యలో అక్షరాల కార్డులు వేయొచ్చు, కానీ ఎక్కువైతే జనం సినిమా చూడరు, చదువుతూ కూర్చుంటారు.

రైటర్ ఒక్క లైన్‌లో "ఊరంతా పండగ చేసుకుంటోంది" అని రాసేస్తాడు. ఆ ఊరందరికీ బట్టలు, భోజనాలు చూసుకోవాల్సింది ప్రొడ్యూసర్. ఇద్దరూ ఒకళ్ళే అయితే? లాభం ఏంటంటే, సీన్ తీసేయమని చెప్పే బాస్ ఉండడు. నష్టం ఏంటంటే, సినిమా ఆడకపోతే పక్కన నిలబడేవాడూ ఉండడు.

1922లో ప్రాగ్‌లోని పెట్రీన్ కొండ పేరుతో ఇంకో సినిమా తీశారు. 1923లో బ్రెజిల్ వెళ్ళిపోయారు. చెక్ సినిమాలో ఆవిడ కెరీర్ నాలుగైదేళ్ళే. ఆ తర్వాత పదేళ్ళకి, 1933లో, ప్రాగ్‌లో బరాండోవ్ స్టూడియోలో షూటింగ్‌లు మొదలయ్యాయి. పెద్ద ఫ్లోర్లు, లైట్లు, స్టాఫ్, అన్నీ ఒకేచోట. 1940లో ఫ్రాంటిషెక్ చాప్ అదే అమ్మమ్మ కథని మళ్ళీ తీశాడు. ఈసారి అమ్మమ్మ మాట్లాడింది కూడా.

నాకు అర్థమైంది ఇదీ. మొదటి సినిమా తీయడానికి ఒక్క మొండి మనిషి చాలు. పదో సినిమా దాకా వెళ్ళాలంటే మాత్రం చుట్టూ ఒక వ్యవస్థ ఉండాలి. తేయా దగ్గర మొండితనం నిండుగా ఉంది, వ్యవస్థ ఆవిడ వెళ్ళిపోయాక వచ్చింది.

అందుకే ఒక చిన్న అనౌన్స్‌మెంట్. వచ్చే నెల నుంచి మన వీడియోలకి ఎడిటింగ్ చేయడానికి ఒక తమ్ముడు వస్తున్నాడు. స్క్రిప్ట్ మాత్రం నేనే రాస్తా, అది వదలను. ఉంటాను మరి, నెక్స్ట్ ఎపిసోడ్‌లో కలుద్దాం.