బావి బాగుపడింది, బిందె మాటేమిటి?

2014 ఏప్రిల్ 7న హార్ట్‌బ్లీడ్ సంగతి బయటపడింది. ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ 1.0.1లో దొర్లిన చిన్న తప్పు అది. బయటివాడు అడిగిన ప్రతిసారీ సర్వర్ మెమరీలోంచి 64 కిలోబైట్ల దాకా లాక్కుపోవచ్చు. పాస్‌వర్డులు, ప్రైవేటు కీలు, అందులో ఏవైనా ఉండవచ్చు.

ఇలాంటప్పుడే షేర్డ్ లైబ్రరీల విలువ తెలుస్తుంది. వెబ్ సర్వరు, మెయిల్ సర్వరు ఆ కోడును దేనికది తనలో కలుపుకోకుండా, డిస్కు మీదున్న ఒకే ఫైలును వాడుకుంటాయి. ఊరందరికీ ఒకే బావి అన్నమాట. బావి బాగుచేస్తే ఊరంతటికీ మంచినీళ్ళే!

ఆ రాత్రి డాలస్‌లో నేను లైబ్రరీ అప్‌డేట్ చేసి హాయిగా పడుకున్నాను. మూడు గంటల తర్వాత హైదరాబాదు నుంచి మా టీమ్ కుర్రాడి ఫోను: "అన్నా, పరీక్షించి చూశాను. రంధ్రం అలాగే ఉంది!"

తప్పు నాదే. లినక్సులో ప్యాకేజీ మారినా, అప్పటికే నడుస్తున్న ప్రోగ్రాము పాత లైబ్రరీనే మెమరీలో పట్టుకుని ఉంటుంది. నిన్న తోడి బిందెలో పెట్టుకున్న నీళ్ళు, ఇవాళ బావి బాగుచేస్తే మారవు కదా! ఎల్‌ఎస్‌ఓఎఫ్ కమాండుతో చూస్తే, తొలగించిన పాత ఫైలును పట్టుకున్న ప్రోగ్రాములన్నీ కనిపించాయి. అన్నిటినీ రీస్టార్ట్ చేశాం, కీలు, సర్టిఫికెట్లు మార్చాం.

హార్ట్‌బ్లీడ్ దాడి మామూలు లాగ్‌లలో జాడ వదలదు. ఆ మూడు గంటల్లో ఎవరేం తోడుకుపోయారో నాకు ఈనాటికీ తెలియదు.

అందుకే మీరూ లైబ్రరీ మార్చాక ఒకసారి బిందెలు కూడా చూసుకోండి.