ధారావిని మద్రాసులో కట్టిన బందరు బిడ్డ

మణిరత్నం ‘నాయకుడు’ చూసినవాళ్లలో చాలామంది కెమెరా బొంబాయి ధారావిలోనే తిరిగిందనుకున్నారు. కొన్ని దృశ్యాలు బొంబాయిలో తీసిన మాట నిజమే. కానీ ఆ ఇరుకు సందులు, రేకుల కప్పులు చాలావరకు మద్రాసు వీనస్ స్టూడియోలో వేసిన సెట్టు. వేసింది తోట తరణి. 1949లో బందరు (మచిలీపట్నం)లో పుట్టారు. తండ్రి తోట వెంకటేశ్వరరావు కూడా కళాదర్శకుడే.

1987లో వచ్చిన ఆ సినిమాకు తరణి ఉత్తమ కళాదర్శకుడిగా జాతీయ పురస్కారం అందుకున్నారు. 1996 నాటి ‘భారతీయుడు’కి మరోసారి. 2001లో పద్మశ్రీ వచ్చింది.

కళాదర్శకుడి పని కథ వినడంతో మొదలవుతుంది. ఆ ఇంట్లోవాళ్ల సంపాదన ఎంత, గోడకు సున్నం కొట్టి ఎన్నేళ్లయింది, పొయ్యి పక్కన మసి ఎంతమేర పట్టి ఉంటుంది? ఇవన్నీ తేల్చుకున్నాకే బొమ్మ గీస్తారు. ఆపైన సరుగుడు కర్రలతో చట్రం కట్టి, ప్లైవుడ్ కొట్టి, ప్లాస్టర్ ఆఫ్ పారిస్ పూస్తారు. అప్పటికది కొత్త గోడే. పెయింటర్లు రంగు మీద రంగు వేసి, తుడిచి, వాన చారలూ చెమ్మ మరకలూ దించితేగానీ పాతగోడ కాదు. కెమెరా వెనక్కి జరగాలంటే ఏ గోడ ఊడి రావాలి, వెలుతురు ఎటునుంచి పడాలి అన్నదీ ముందే ఆలోచించాలి. ‘నాయకుడు’ ఛాయాగ్రాహకుడు పి.సి. శ్రీరామ్‌కూ అదే ఏడాది జాతీయ పురస్కారం దక్కింది. ఆయన వెలుగునీడలు ఆడుకున్నది తరణి కట్టిన సందుల్లోనే.

తరణిలాగే లేని చోటును సెట్టుగా కట్టిన పోలెండు కళాదర్శకుడు అలన్ స్టార్‌స్కీ కూడా సినిమా ఇంటి బిడ్డే. తండ్రి లుద్విక్ సినీ రచయిత. స్పీల్‌బర్గ్ ‘షిండ్లర్స్ లిస్ట్’ (1993) కోసం నాజీల నిర్బంధ శిబిరాన్ని మళ్లీ చూపాల్సి వచ్చింది. అసలు శిబిరం ఉన్న చోటు రూపు మారిపోవడంతో, క్రాకోవ్‌లో దానికి దగ్గర్లోని రాతి క్వారీలో బారకులు, కాపలా బురుజులు కట్టించారు. ఆ పనికి సెట్ డెకరేటర్ ఎవా బ్రౌన్‌తో కలిసి స్టార్‌స్కీ ఆస్కార్ గెలుచుకున్నారు.

తరణి చేతిలో మురికివాడలకెంత చోటుందో కోటలకూ అంతే ఉంది. ‘అర్జున్’ (2004) కోసం మధుర మీనాక్షి ఆలయం, ‘రుద్రమదేవి’ (2015)లో కాకతీయుల ఓరుగల్లు, డెబ్బై దాటాక ‘పొన్నియిన్ సెల్వన్’లో చోళుల కాలం.

షూటింగ్ అయిపోగానే సెట్టు విప్పేస్తారు. మిగిలేవి సినిమా, దానికి ముందు గీసిన బొమ్మలు. తరణి స్వయంగా చిత్రకారుడు. ఆయన గీసిన సెట్ల బొమ్మలు బందరులో ప్రదర్శనకు పెడితే, పక్కనే పెడనలో కలంకారీ అచ్చులు చెక్కే ఇళ్ల పిల్లలకు సినిమాల్లోనూ తమ చేతిపనికి చోటుందని తెలుస్తుంది. అందుకు జిల్లా పెద్దలు పూనుకోవాలి.